రెండు వందల పన్నెండో లెవెల్

"ఇప్పుడు ఆట ఆపకండి అక్కా. పడవ నడుపుతూనే ఉండండి," అంది డాక్టర్ సుచరిత.

నూకరత్నం కుడిచేతికి బూడిదరంగు గ్లవ్ తొడిగి ఉంది. ఎదురుగా గోడంత స్క్రీన్ మీద ఒక ఉప్పుటేరు. ఏటి మీద పాతిక పడవలు, పడవల మీద ఇళ్ళు, ఇళ్ళ ముందు ఆరేసిన వలలు. ఆ ఊళ్ళో ప్రతి తాడూ ఆమె ముడివేసిందే. ఆమె తెడ్డు వేస్తూండగానే సుచరిత పక్క టేబుల్ దగ్గర కూర్చుని ఆ ఆట లోపలి ప్రోగ్రాములో పాడైన ముక్క తీసి కొత్త ముక్క పెడుతోంది. బస్సు పోతూండగా చక్రం మార్చడం లాంటి పని అది.

స్క్రీన్ ఒక్కసారి రెపరెపలాడింది. నూకరత్నం తెడ్డు ఆపలేదు. ఏటి నీరు మళ్ళీ కదిలింది. పడవలు లెక్కపెట్టుకుంది. పాతికా ఉన్నాయి. స్క్రీన్ మూలన "లెవెల్ 64" అన్న అక్షరాలు చెక్కుచెదరలేదు.

"పోలేదు పాపా," అంది నూకరత్నం.

సుచరిత తన ముందున్న చిన్న స్క్రీన్‌లోకి వంగి చూస్తోంది. చూస్తూ చూస్తూ కళ్ళద్దాలు తీసి తుడిచి మళ్ళీ పెట్టుకుంది.

"ఏటయింది?"

"ఏం లేదక్కా. బాగా పనిచేసింది," అంది సుచరిత.

నూకరత్నం కొత్తరేవు హార్బరులో క్రేన్ ఆపరేటరు. పందొమ్మిదేళ్ళ సర్వీసు. ఈ కాలంలో క్రేన్ పైకెక్కే పనిలేదు. నేలమీద చల్లటి గదిలో కూర్చుని, కెమెరాలు చూపించే బొమ్మలు చూస్తూ, రెండు చేతులతో రెండు లీవర్లు నడపాలి. ఎడమచేతిది క్రేన్‌ని ముందుకీ వెనక్కీ నడుపుతుంది. కుడిచేతిది కంటైనర్‌ని లేపి దించుతుంది. ఓడ డెక్కు మీద కోడిగుడ్డు పెట్టినట్టు ముప్పై టన్నులు దించుతుందని ఆమెకు పేరు. నలభై ఆరో ఏట, ఒక ఉదయం పళ్ళు తోముకుంటూండగా బ్రష్ జారి కిందపడింది. వంగి తీయబోతే ఆమె కూడా పడిపోయింది. పక్షవాతం. మాట నెల్లాళ్ళలో వచ్చింది, కాలు మూడు నెలల్లో వచ్చింది. కుడిచెయ్యి మాత్రం రాలేదు.

చెయ్యి పాడవలేదని, మెదడు నుంచి చేతికి వెళ్ళే దారి తెగిందని డాక్టర్లు చెప్పారు. కొత్త దారి పడాలంటే ఒకే కదలికను వేలసార్లు చెయ్యాలి. రోజుకి నాలుగొందల సార్లు బొటనవేలు వంచమంటే ఏ మనిషికైనా విసుగే. అందుకే కరతల ల్యాబులో సుచరిత బృందం "పడవల ఊరు" అనే వీడియోగేమ్ చేసింది. మొదటి లెవెల్లో వేలితో తాడు లాగాలి. ఇరవయ్యో లెవెల్లో తెడ్డు పట్టుకోవాలి. రెండు వందలు దాటాక వలకన్నాలు సూదితో కుట్టాలి. గ్లవ్ లోపల తలవెంట్రుకల్లాంటి తీగలుంటాయి. వేలు ఎంత కదలగలదో అంత కదలనిచ్చి, తక్కువపడింది గ్లవ్ లాగుతుంది. లెవెల్ పెరిగేకొద్దీ గ్లవ్ సాయం తగ్గిపోయి చివరికి చెయ్యి తనంతట తానే పనిచెయ్యాలి. ఆట లేనప్పుడు కూడా పగలంతా గ్లవ్ వేసుకునే తిరగాలి. స్నానానికీ నిద్రకీ తప్ప తీయకూడదు.

మొదట్లో నూకరత్నం సుచరితను మేడమ్ అనేది. మూడో నెలకి పాపా అయిపోయింది. ముప్పై మూడేళ్ళ సుచరిత కూడా వరసకు తగ్గట్టు అక్కా అనేది. ఆదివారం వీళ్ళింటికొచ్చి నూకరత్నం చేసిన నెత్తళ్ళ చేపల పులుసు తినేది. నూకరత్నం భర్త సన్యాసిరావు షిప్‌యార్డులో వెల్డరు. "మా రత్నానికి చెల్లెలు లేని లోటు తీరింది," అనేవాడు.

ఏడు నెలలు కష్టపడి నూకరత్నం తొంభయ్యో లెవెల్ దాకా వచ్చాక ఒకసారి ఆటలో ఏదో తప్పు సరిచేస్తూ అప్‌డేట్ పంపారు. పాత సేవ్ ఫైల్‌ని కొత్త ఆట చదవలేకపోయింది. మర్నాడు స్క్రీన్ మీద ఖాళీ ఏరు, ఒక్క పడవ, "లెవెల్ 1" మాత్రమే ఉన్నాయి. నూకరత్నం చీరకొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది. మూడువారాలు గ్లవ్ ముట్టుకోలేదు. ఇంకో నలుగురు పేషెంట్లు అసలు రావడమే మానేశారు. సుచరిత ఇంటికొచ్చి ఆమె పక్కన నేల మీద కూర్చుంది.

"ఇంకెప్పుడూ మీ ప్రోగ్రెస్ పోదక్కా. పోకుండా నేను చూస్తాను. మళ్ళీ మొదలుపెట్టండి," అంది.

మాట నిలబెట్టుకుంది. ఆ పట్టుదలలోంచి పుట్టిందే "నిలకడ". ఒక పేషెంటు గెలిచిన ప్రతి లెవెల్‌నీ నిలకడ ముద్రవేసి మిగతా పేషెంట్లందరి గ్లవ్‌లలోనూ కాపీగా దాస్తుంది. ఒకచోట చెడిపోతే మిగతా నాలుగు వేల కాపీలు చూసి మళ్ళీ రాసుకుంటుంది. ఆటలో ఎన్ని తప్పులైనా సరిచెయ్యొచ్చు, సేవ్ అయినది మాత్రం తగ్గదు. పేషెంటు తగ్గించలేడు. ఆస్పత్రి తగ్గించలేదు. తయారుచేసినవాళ్ళు కూడా తగ్గించలేరు. ఇందాకటి ప్రయోగం దాని మొదటి పరీక్ష.

పరీక్ష గెలిచాక నిలకడ పేరు మారుమోగింది. రికార్డును ఎవరూ దిద్దలేరు కాబట్టి ఆఫీసులు దాన్నే నమ్మడం మొదలుపెట్టాయి. డాక్టరు సర్టిఫికెట్ బదులు నిలకడ రికార్డు చాలని హార్బరు యాజమాన్యం సర్క్యులర్ ఇచ్చింది.

నూకరత్నం లెవెల్ మీద లెవెల్ దాటుకుంటూ పోయింది. గ్లవ్ వేసుకుని జడ వేసుకుంది. ఉల్లిపాయలు తరిగింది. ఏడాది తర్వాత సన్యాసిరావు చొక్కాకి తెగిన గుండీ కుట్టింది. అతను ఆ చొక్కా వేసుకుని వీధంతా తిరిగొచ్చాడు. ఒక్కటే అనుమానం ఆమెను పీకుతూ ఉండేది. స్నానానికి గ్లవ్ తీస్తే చెయ్యి తడిబట్టలా వేలాడేది. అడిగితే సుచరిత చెప్పింది:

"తీశాక గంటసేపు మొద్దుగా ఉండటం మామూలే అక్కా. నరాలు చల్లబడతాయి. దాని గురించి ఆలోచించకండి."

నూకరత్నం ఆలోచించడం మానేసింది.

రెండు వందల పన్నెండు ఆఖరి లెవెల్. అది దాటిన రోజు స్క్రీన్ మీద పడవలన్నీ దీపాలు పెట్టుకున్నాయి. కుడిచేతి పట్టు నూటికి తొంభై ఎనిమిది అని రికార్డు చూపించింది. వారంలో హార్బరు నుంచి ఆర్డరొచ్చింది, సోమవారం డ్యూటీలో చేరమని. ముందు సుచరితకే ఫోన్ చేసింది.

"పాపా, మళ్ళీ సీట్లో కూర్చుంటున్నాను."

"సోమవారమేనా అక్కా? అంతకుముందు కాదుగా?" అని అడిగింది సుచరిత.

"సోమవారమే."

"సంతోషం అక్కా," అంది సుచరిత.

గురువారం సాయంత్రం హార్బరు నుంచి ఇంకో ఫోన్ వచ్చింది. శుక్రవారం షిఫ్టులో ఒక ఆపరేటరుకు జ్వరం, ముందే రాగలరా అని. నూకరత్నం ఎగిరి గంతేసినంత పనిచేసింది.

శుక్రవారం ఉదయం పదకొండు దాటింది. ఆరు కంటైనర్లు ఓడ మీద దించింది. చేతికి పాత వేగం వచ్చేసింది. వెనక నిలబడ్డ సూపర్‌వైజర్ తృప్తిగా తల ఊపి టీకి వెళ్ళాడు. ఏడో కంటైనర్ ఓడ డెక్కుకి పదిహేను అడుగుల ఎత్తున ఉంది. కింద ముగ్గురు కూలీలు కొక్కేలు పట్టుకుని ఎదురుచూస్తున్నారు. అప్పుడు ఆమె కుడిచేతి మీద గ్లవ్ మెత్తబడింది. బిగించి కట్టిన తాడు ఎవరో విప్పినట్టు అయిదు వేళ్ళూ ఒకేసారి విడిపోయాయి. లీవర్ జారిపోయింది. క్రేన్ ఒక్క కుదుపుతో ఆగింది. కంటైనర్ గంటలోని నాలికలా ఊగి డెక్కు రెయిలింగును కొట్టి వంచేసింది. బొమ్మలో కూలీలు పరుగెత్తడం కనబడింది. ఆమె ఎడమచేత్తో ఎర్రబటన్ మీద గుద్దింది.

ముగ్గురికీ ఏమీ కాలేదు. ఒకతను మాత్రం డెక్కు మీద కూర్చుండిపోయి చాలాసేపు లేవలేదు. నూకరత్నం ఆ బొమ్మ చూస్తూ ఉండిపోయింది. ఒళ్ళో కుడిచెయ్యి వెల్లకిలా పడి ఉంది. గ్లవ్ మణికట్టు మీద చిన్న అక్షరాలు వెలుగుతున్నాయి. "లోపం సరిచేయబడింది. మీ ప్రోగ్రెస్ భద్రంగా ఉంది. లెవెల్ 212."

సన్యాసిరావు ఆమెను హార్బరు నుంచి నేరుగా ల్యాబుకి తీసుకెళ్ళాడు. సుచరిత వాళ్ళని చూసి లేచి నిలబడింది. శుక్రవారమే డ్యూటీ అని విన్నాక కూలబడింది.

"సోమవారమన్నారు కదక్కా," అంది. "ఇవాళ అప్‌డేట్ పంపితే మీరు ఇంట్లో ఉంటారనుకున్నాను. ఇంట్లో ఉండగా తెలుస్తుందనుకున్నాను."

"ఏం తెలుస్తుంది?"

సుచరిత చెప్పింది. గ్లవ్ లాగేది లాగుతూనే ఉంది, రాయడంలోనే తప్పు జరిగింది. వేలు ఎంత లాగింది, గ్లవ్ ఎంత లాగింది అని ఆట వేర్వేరుగా రాసుకోవాలి. అది రెండూ కలిపి పేషెంటు పేరనే రాసుకుంది. కూరగాయలు తూచేటప్పుడు తక్కెడలో చెయ్యి కూడా పడితే తూకం పెరిగినట్టు లెవెల్ పెరిగింది. గ్లవ్ సాయం తగ్గాల్సింది పోయి, పని కష్టమైనకొద్దీ ఇంకా గట్టిగా లాగింది. ఆ లాగుడంతా నూకరత్నం బలమనే నమోదైంది. ఇప్పుడు ఆ తప్పు సరిచేశారు. రెండు వందల పన్నెండో లెవెల్ మనిషికి గ్లవ్ సాయం అక్కర్లేదు కాబట్టి గ్లవ్ వదిలేసింది.

"అయితే నా చెయ్యి ఏ లెవెల్లో ఉంది?"

సుచరిత అంది, "మూడు. నాలుగు ఉండొచ్చు."

సన్యాసిరావు తన చొక్కా గుండీ వంక చూసుకున్నాడు.

"నీకు ఎప్పుడు తెలుసు?" అని అడిగింది నూకరత్నం.

"నిలకడ పెట్టిన రోజే. ప్రోగ్రాం విప్పినప్పుడు కనబడింది. మర్నాడు పెద్ద అధికారులు నిలకడ చూడ్డానికి వస్తున్నారు. వాళ్ళు వెళ్ళాక సరిచేద్దామనుకున్నాను. తర్వాత మీరు జడ వేసుకుని చూపించారు. తర్వాత గుండీ. ఎలా చెప్పను అక్కా? ఆడుతూ ఉంటే మెల్లగా నిజంగానే బలం వస్తుందేమో అనుకున్నాను."

"ఏడాది పైన అయింది."

"అవును."

"నా పులుసు తిన్నావు."

నూకరత్నం ఎడమచేత్తో కుడిచెయ్యి ఎత్తి టేబుల్ మీద పెట్టింది.

"జరిగిందేదో జరిగింది. నన్ను మొదటి లెవెల్లో పెట్టు. తాడు లాగడం దగ్గర్నుంచి మొదలుపెడతాను. ఒకసారి చేశాను, మళ్ళీ చేస్తాను."

సుచరిత ముఖం చూసేసరికి ఆమెకు అర్థమైంది. "కుదరదా?"

"నిలకడ ఒప్పుకోదక్కా. తగ్గించడానికి వీల్లేకుండా కట్టాను. మీకు ఆట తెరిస్తే వలకన్నాలే వస్తాయి."

"ఇంకో పేరు మీద?"

"చేతి గీతలు, నరాల తీరు చదివి గుర్తుపట్టేస్తుంది. ఎవరూ మోసం చెయ్యకుండా అలా పెట్టాం."

ఆ మాటకి సన్యాసిరావు ఒక పొడినవ్వు నవ్వాడు. నూకరత్నం నవ్వలేదు. ఆమెకు ఇంకో సంగతి తోచింది.

"ఈ తప్పు అందరి గ్లవ్‌లలోనూ సరిచేశావా?"

"లేదు. ముందు మీ ఒక్కరికే పంపాను. క్రేన్ నడుపుతారని భయమేసి."

"బుధవారం విచారణ ఉంది. వచ్చి ఇదంతా వాళ్ళకి చెప్పు."

"వస్తాను," అంది సుచరిత. "తప్పకుండా చెప్తాను."

నూకరత్నం గుమ్మం దాకా వెళ్ళి ఆగింది. "అలాగే మేడమ్," అంది.

బుధవారం హార్బరు ఆఫీసులో పొడుగాటి బల్ల వెనక విచారణాధికారి కూర్చున్నాడు. మర్యాదస్తుడు. నూకరత్నానికి కుర్చీ చూపించి, మంచినీళ్ళు తెప్పించాడు. గోడ పక్క కుర్చీలో సుచరిత, తలుపు దగ్గర సన్యాసిరావు ఉన్నారు.

"లీవర్ ఎందుకు వదిలేశారమ్మా?"

"వదల్లేదు సార్. చెయ్యి పట్టుకోలేదు."

అధికారి స్క్రీన్ చూశాడు. "కుడిచేతి పట్టు తొంభై ఎనిమిది. నా చేతికి కూడా అంత ఉండదు."

"రికార్డు తప్పు సార్. చెయ్యి చూడండి," అని నూకరత్నం కుడిచేతిని ఎడమచేత్తో ఎత్తి వదిలింది. బల్ల మీద దబ్బున పడింది.

అతను ఆ చేతిని ఇబ్బందిగా చూశాడు. "చెయ్యి కదపకుండా ఉండటం ఎవరైనా చెయ్యొచ్చమ్మా. తప్పుగా అనుకోకండి. అందుకే కదా మేం రికార్డు మీద ఆధారపడేది." సుచరిత వైపు తిరిగాడు. "డాక్టరుగారూ, నిలకడ రికార్డు తప్పయ్యే అవకాశం ఉందా?"

నూకరత్నం సుచరిత నోటి వంక చూసింది.

"నిలకడలో నమోదైన ప్రోగ్రెస్‌ని ఎవరూ మార్చలేరండీ," అంది సుచరిత. "ఆటలో ఒక చిన్న లోపం ఉండేది. సరిచేశాం. సరిచెయ్యడంలో ఎవరి ప్రోగ్రెసూ పోలేదు."

అందులో ఒక్క మాట కూడా అబద్ధం కాదు. నూకరత్నానికి చెవుల్లో హోరు మొదలైంది. పక్షవాతం వచ్చిన ఉదయం కూడా అలాగే హోరెత్తింది. అప్పుడు ఒళ్ళు మోసం చేసింది. దానికి తెలిసి చెయ్యలేదు.

"ఆ లోపం వల్ల ఈమె చెయ్యి..." అని అధికారి ఏదో అడగబోయాడు.

"పరిశీలిస్తున్నామండీ," అంది సుచరిత.

అధికారి వాంగ్మూలం టైపు చేయించి నూకరత్నం ముందుకి తోశాడు. తనకేమీ కోపం లేదని, నిర్లక్ష్యం అని మాత్రమే రాస్తున్నానని, చదివి సంతకం పెట్టమని అన్నాడు. ఆమె ఎడమచేత్తో పెన్ను తీసుకుంది.

"కుడిచేత్తో పెట్టాలమ్మా. మా దగ్గరున్న నమూనా సంతకం కుడిచేతిది. శుక్రవారం డ్యూటీలో చేరుతూ మీరు పెట్టిందే."

ఆమె పెన్నుని కుడిచేతి వేళ్ళ మధ్య ఇరికించింది. వేళ్ళని చూస్తూ, దవడ బిగించి, మెడనరాలు తేలేదాకా ప్రయత్నించింది. చూపుడువేలు ఒక్కటి కొంచెం వంగింది. పెన్ను కాయితం మీద పొడుగాటి గీత గీసి దొర్లి కిందపడింది. అధికారి ఓపిగ్గా రెండు నిమిషాలు ఆగాడు. తర్వాత ఆ గీత కింద తనే రాశాడు. "సంతకానికి నిరాకరించారు."

వరండాలో సుచరిత పరుగులాంటి నడకతో వెనకాలొచ్చింది.

"అక్కా, వినండి. అక్కడ చెప్పేస్తే రేపటికల్లా అందరూ గ్లవ్ తీసి పారేస్తారు. నాలుగు వేలమంది. కొందరికి నిజంగానే బాగవుతోంది. నాకు కొంచెం టైం ఇవ్వండి, ఒక దారి ఆలోచిస్తాను."

నూకరత్నం ఆగింది. తిట్టాలని ఉంది గానీ తిట్టడానికి కూడా ఆ మనిషి మీద ఏదో మిగలాలి. అది మిగల్లేదు.

"వాళ్ళలో బళ్ళు నడిపేవాళ్ళున్నారా మేడమ్?"

సుచరిత పెదవి కొరుక్కుంది. "పేషెంట్ల వివరాలు బయటికి..."

"పేరు చెప్పండి చాలు."

సుచరిత కిటికీలోంచి కనిపించే క్రేన్ల వైపు చూసింది. "పోలినాయుడని ఒకాయన. సిటీ బస్సు. కొండదిగువ డిపో," అంది. అని, ఎవరో తరుముతున్నట్టు మెట్లు దిగి వెళ్ళిపోయింది.

"మావా, కొండదిగువ డిపోకి పోనీ," అంది నూకరత్నం.

వాళ్ళు చేరేసరికి మధ్యాహ్నం షిఫ్టు బస్సులు బయల్దేరుతున్నాయి. పోలినాయుడు ఏభై ఏళ్ళవాడు, పల్చటి మీసం. స్టీరింగు దగ్గర కూర్చుని అద్దం తుడుచుకుంటున్నాడు. కుడిచేతికి బూడిదరంగు గ్లవ్. బస్సు సగానికి పైగా నిండింది. ముందు సీట్లో ఒకామె ఒళ్ళో మూత కట్టిన గిన్నె పెట్టుకుని కూర్చుంది. నూకరత్నం కిటికీ కింద నిలబడి తన గ్లవ్ చూపించింది. అతని ముఖం వెలిగిపోయింది.

"మీరూనా అమ్మా? ఎన్నో లెవెల్?"

"రెండు వందల పన్నెండు."

"ఆఖరిదే. నాది నూట ఎనభై ఎనిమిది. ఈ సీటు మళ్ళీ ఎక్కుతాననుకోలేదమ్మా. ఎక్కి పదకొండు రోజులు," అన్నాడు. గ్లవ్ చెయ్యి ఒకసారి మూసి తెరిచి చూపించాడు, చంటిపిల్లకి కొత్త పన్ను వస్తే చూపించినట్టు.

ఎండలో నిలబడి నూకరత్నం ఆ చేతిని చూసింది. ఇంత చిన్న మాట నోటిదాకా వచ్చి ఆగిపోవడం ఆమెకు కొత్త. ఏడాదిపాటు అది ఒకరి గొంతులో ఎలా ఉండిపోయిందో ఆ క్షణంలో తెలిసింది. తెలిసినందుకు ఇంకా ఒళ్ళు మండింది.

"నాయుడూ, ఆ గ్లవ్ ఒక్కసారి తీసి స్టీరింగు పట్టుకో."

"ఎందుకమ్మా?"

ఆమె చెప్పింది. క్రేన్, కంటైనర్, ముగ్గురు కూలీలు, ల్యాబులో విన్నది, అన్నీ గుక్కతిప్పుకోకుండా చెప్పేసింది. పోలినాయుడు ముఖంలో వెలుగు మెల్లమెల్లగా తగ్గింది. వెనక నుంచి కండక్టరు టైమైందని బెల్లు కొట్టాడు.

"మీ చెయ్యి పాడైతే నాదీ పాడైనట్టా?" అన్నాడు. గొంతులో కోపం ఉంది. "రికార్డుందమ్మా నాకు. మేడమ్ స్వయంగా చెప్పారు. ఆవిడ నాకు అబద్ధం ఎందుకు చెప్తారు?"

"నేనూ అదే అనుకున్నాను."

"తప్పుకోండి. బండి తియ్యాలి."

"స్నానానికి తీస్తావుగా. అప్పుడు ఎలాగుంటుంది?"

పోలినాయుడు ఇంజిన్ స్టార్టు చేశాడు. ముందుకి చూస్తూ అన్నాడు, "చూసుకోనమ్మా. అప్పుడు అటు చూడను."

నూకరత్నం కిటికీ వదిలి బస్సు ముందుకి నడిచింది. హెడ్‌లైట్ల మధ్య ఎడమచెయ్యి బంపర్ మీద ఆనించి నిలబడింది. సన్యాసిరావు వచ్చి ఆమె పక్కన నిలబడ్డాడు. హారన్ రెండుసార్లు మోగింది. ప్రయాణికులు కిటికీల్లోంచి తలలు బయటపెట్టి ఏదో అంటున్నారు. ఆమె అద్దంలోంచి అతన్ని చూస్తూనే ఉంది, అతను ఆమెను చూస్తున్నాడు.

చాలాసేపటికి పోలినాయుడు ఎడమచేత్తో కుడిచేతి గ్లవ్ అంచు పట్టుకున్నాడు. లాగలేదు, వదల్లేదు. తర్వాత ఆ చెయ్యే తీసి తాళం తిప్పాడు. ఇంజిన్ ఆగిపోయింది.